సగంలో ఆగిన పని

మనలో చాలామందికి ఒక అలవాటుంది. ఫలానా ఆవిడ ఏదో కష్టమైన పని చేసి ముగించిందని వినగానే "ఎలా చేసిందిట?" అని అడగం. "ఎవరి కోసం చేసిందిట?" అని అడుగుతాం. మొగుడి కోసమా, పిల్లల కోసమా, పుట్టింటి పరువు కోసమా? జవాబు దొరికిందాకా మనకు తోచదు. దొరికాక దానికి 'త్యాగం' అని పేరు పెట్టి, ఓ నిట్టూర్పు విడిచి, మధ్యాహ్నం కాఫీ కలుపుకోవడానికి లేస్తాం.

మగవాళ్ల దగ్గర మాత్రం ఈ ప్రశ్న రాదు. ఇంజనీరు వంతెన కట్టాడంటే ఎన్ని స్తంభాలు, ఎంత ఖర్చు అంటామే గాని, "పాపం, ఎవరి మీద ప్రేమతో కట్టాడో!" అని ఎవరైనా అంటారా?

ఈ అలవాటు మంచిదేనా, కాదా అన్నది ఈవారం మన ప్రశ్న. దానికోసం మిమ్మల్ని కాసేపు ఫ్రాన్సు దేశం తీసుకెళ్తాను. టిక్కెట్టు ఖర్చు లేదు, పాస్‌పోర్టు అక్కర్లేదు. అక్కడ సినిమాలు ఎడిట్ చేస్తూ బతికిన ఒకావిడ వుంది. ఆవిడ కథ వింటే ప్రశ్న దానంతటదే చిక్కుపడుతుంది, దానంతటదే కొంత విడుతుంది కూడా.

ఆవిడ పుట్టినప్పటి పేరు మార్గరీత్ ఊలే. 1906లో పుట్టింది. కార్మిక కుటుంబం. సినిమా చరిత్ర పుస్తకాల్లో మాత్రం ఆమె పేరు మార్గరీత్ రెన్వార్ అని వుంటుంది. రెన్వార్ అంటే మీలో కొందరికి చిత్రకారుడు ఒగుస్త్ రెన్వార్ గుర్తుకు రావచ్చు. ఆయన కొడుకు జాఁ రెన్వార్ సినిమా దర్శకుడు. మన దేశం వచ్చి, బెంగాలులో గంగ ఒడ్డున 'ది రివర్' తీసి 1951లో విడుదల చేసిన పెద్దమనిషి ఈయనే. ఆ రోజుల్లో సత్యజిత్ రాయ్ అనే కుర్రవాడు ఆయన వెంట తిరిగి చోట్లు చూపించాడు. అంచేత మనకు మరీ పరాయివాడేం కాదు.

1930ల్లో మార్గరీత్, జాఁ రెన్వార్ కలిసి బతికారు. పెళ్లి చేసుకోలేదు. ఆయనకు అప్పటికే పెళ్లయింది, భార్య నుంచి విడిగా వున్నా చట్టప్రకారం విడాకులు కాలేదు. మార్గరీత్ మాత్రం ఆయన ఇంటిపేరు పెట్టుకుంది. ఇంట్లో కలిసి వున్నట్టే పనిలోనూ కలిసి వున్నారు. 'లా షియెన్' (1931), 'లా గ్రాండ్ ఇల్యూజన్' (1937), 'లా రెగ్ల్ దు జూ' (1939), ఇవన్నీ ఆమె చేతిమీదుగా తయారైన సినిమాలే. ఆయన వామపక్షం వైపు మొగ్గడంలో కూడా ఆమె ప్రభావం వుందని ఆయన జీవితచరిత్ర రాసినవాళ్లు చెప్పారు.

ఎడిటింగ్ అంటే ఏమిటో రెండు ముక్కలు చెప్పుకుందాం. ఇది తెలియకపోతే ముందు కథ రుచించదు. ఆ రోజుల్లో సినిమా అంటే పొడుగాటి ఫిల్ము. సెకనుకు 24 బొమ్మలు. అడుగు ఫిల్ములో 16 బొమ్మలు. లెక్కేస్తే నిమిషం సినిమాకి 90 అడుగులు. తీసినదంతా ముక్కలు ముక్కలుగా కొక్కేలకు వేలాడుతుంటుంది, బట్టల కొట్లో రిబ్బన్లు వేలాడినట్టు. అందులోంచి ఒక్కొక్క ముక్కా తీసి, చూసి, ఎక్కడ మొదలెట్టాలో ఎక్కడ ఆపాలో నిర్ణయించి, కత్తిరించి, అతికించి వరస పెట్టాలి. రెండు బొమ్మలు ఎక్కువుంటే నవ్వు వెకిలి నవ్వయిపోతుంది. రెండు బొమ్మలు తగ్గితే కన్నీరు కంటికి చేరకముందే మనిషి మాయమైపోతుంది.

ఇంగ్లీషువాళ్లు ఈ పనిని 'కటింగ్' అని కూడా అంటారు. ఫ్రెంచివాళ్లు 'మోంతాజ్' అంటారు. అంటే ముక్కల్ని చేర్చి నిలబెట్టడం. మన పాత తెలుగు సినిమా టైటిళ్లలో దీనికి 'కూర్పు' అనే చక్కని మాట వేసేవారు. నాకు ఈ ముగ్గురిలో మనవాళ్ల మాటే నచ్చుతుంది. మాల కూర్చేవాళ్లకు తెలుసు, పూలన్నీ వేసేస్తే మాల కాదని. వాడిన దాన్ని పక్కన పెట్టాలి, మొగ్గను వెనక్కి తిప్పాలి, మరువం రెమ్మ ఎక్కడ పడాలో చూడాలి. ఇంతా చేస్తే జడలో పెట్టుకున్నాక కనిపించేది పూలు. దారం కనిపించిందంటే కట్టడం రాదని అర్థం.

ఫ్రాన్సులో ఆ పని చేసే గదుల్లో అప్పట్లో ఆడవాళ్లు చాలామందే వుండేవారు. కెమెరా దగ్గరికి రానివ్వని వాళ్లు కత్తెర దగ్గరికి రానిచ్చారు. కుట్టుపని లాంటిదే కదా, ఓర్పు కావాలి, వేళ్లు నాజూగ్గా వుండాలి, చేసుకోనీ అనుకున్నారు. సినిమా బతకడం, చావడం ఆ గదిలోనే తేలుతుందన్న సంగతి ఆ అనుకున్నవాళ్లకి తట్టినట్టు లేదు.

సరే, కథలోకి వద్దాం. 1936 వేసవి. రెన్వార్ మొపాసా రాసిన చిన్న కథ ఒకటి తీసుకుని ఓ పొట్టి సినిమా తియ్యాలనుకున్నాడు. పేరు 'పార్తీ ద కంపాన్'. మన భాషలో చెప్పాలంటే 'పల్లెకు షికారు'. ప్యారిస్ నుంచి ఓ కొట్టు యజమాని ఆదివారం నాడు భార్యనీ, అత్తగారినీ, కూతుర్నీ, కొట్లో గుమాస్తానీ బండిలో ఎక్కించుకుని నది ఒడ్డుకు పోతాడు. ఆ గుమాస్తాకే పిల్లనివ్వాలని వాళ్ల ఉద్దేశం. అక్కడ పడవ నడిపే యువకుడొకడు ఆ పిల్లను నదిలో తిప్పుతాడు. ఒక్క సాయంత్రం. ఏళ్లు గడుస్తాయి. ఆ పిల్లకు గుమాస్తాతోనే పెళ్లయిపోతుంది. మళ్లీ ఒక ఆదివారం అదే చోట అతను కనిపిస్తాడు. ఇద్దరూ ఆ సాయంత్రాన్ని మర్చిపోలేదని తెలుస్తుంది. అంతే కథ. అంత చిన్న కథ చాలాకాలం గుండెలో గుచ్చుకునే వుంటుంది.

ప్యారిస్‌కు దక్షిణాన లువాఁ అనే నది ఒడ్డున షూటింగు. ఇంటిల్లిపాదీ దిగారు. కెమెరా పట్టింది రెన్వార్ అన్న కొడుకు క్లోద్. వంతెన మీద చేపలు పడుతూ కనిపించే పిల్లవాడు రెన్వార్ సొంత కొడుకు. పూటకూళ్లింటి యజమాని వేషం రెన్వారే వేశాడు. ఆ పూటకూళ్లింట్లో పనిమనిషి వేషం ఎవరు వేశారనుకున్నారు? మన మార్గరీత్. సహాయ దర్శకుల్లో జాక్ బెకెర్ అనే ఆయన వున్నాడు. ఈ పేరు గుర్తుంచుకోండి, మళ్లీ వస్తుంది.

ఎండ కావాలనుకుని వెళ్లారు. వాన పట్టుకుంది. రోజుల తరబడి వాన. అనుకున్న రోజులు దాటిపోయాయి, డబ్బు అయిపోయింది, రెన్వార్‌కు మరో సినిమా పని ముంచుకొచ్చింది. కొన్ని దృశ్యాలు తియ్యకుండానే ఆయన వెళ్లిపోయాడు. సినిమా సగంలో ఆగిపోయింది. దీన్ని పెంచి పెద్ద సినిమా చెయ్యాలని నిర్మాత పియేర్ బ్రోన్‌బెర్జే కొన్నాళ్లు ప్రయత్నించాడు గాని పడనివ్వలేదు. డబ్బాలు అలా వుండిపోయాయి.

తర్వాత యుద్ధం. 1940లో ఫ్రాన్సు జర్మన్ల చేతిలో పడింది. ఆ ఏడాది చివరికి రెన్వార్ అమెరికా చేరుకున్నాడు. వెంట వున్నది మార్గరీత్ కాదు, డిడో ఫ్రెయిర్ అనే ఆవిడ. 1944లో ఆవిడనే పెళ్లి చేసుకున్నాడు. మార్గరీత్ ఫ్రాన్సులోనే వుండిపోయింది, పని చేసుకుంటూ. సగం సినిమాకు 1936లో కూర్చి పెట్టుకున్న కాపీ ఆ ఆక్రమణ కాలంలో నాశనమైంది. నెగెటివ్ మాత్రం ఆన్రీ లాంగ్లువా చలవ వల్ల మిగిలింది. ప్యారిస్‌లో పాత సినిమాలు భద్రపరిచే సినిమాతెక్ అనే సంస్థను స్థాపించినవాళ్లలో ఆయన ఒకడు.

యుద్ధం ముగిసింది. బ్రోన్‌బెర్జే యూదుడు, ఆక్రమణ కాలాన్ని దాటి బతికిన మనిషి. బయటపడ్డాక ఆ డబ్బాలు మళ్లీ తీయించాడు. దర్శకుడేమో హాలీవుడ్‌లో వున్నాడు, రాడు. మరి కూర్చేదెవరు? మార్గరీత్‌ని పిలిచాడు. ఆమె వచ్చింది, కూర్చుంది, పూర్తి చేసింది. 1946లో సినిమా బయటికి వచ్చింది. సుమారు 40 నిమిషాలు. ఈనాటికీ ప్రపంచంలో గొప్ప చిత్రాలు లెక్కపెట్టేవాళ్లు ఆ 40 నిమిషాల్ని వదిలిపెట్టరు.

ఇప్పుడు ఆ గదిలోకి ఒక్కసారి తొంగిచూడండి. 40 నిమిషాలంటే 3,600 అడుగులు, 57,600 బొమ్మలు. అవి కాక పనికిరావని పక్కన పెట్టిన గంటల కొద్దీ ఫిల్ము. అందులో పదేళ్ల కిందటి వేసవి వుంది. పూటకూళ్లింటి యజమాని వేషంలో ఆ మనిషి వున్నాడు. పళ్లెం పట్టుకుని తిరుగుతున్న తనే వుంది, పదేళ్లు చిన్నది. ఆ మనిషి ముఖాన్ని ఆపి, వెనక్కి తిప్పి, ముందుకు నడిపి, ఇక్కడ కత్తిరించనా, ఇంకో నాలుగు బొమ్మలు వుంచనా అని చూడాలి. మనలో విడిపోయినవాళ్ల ఫొటో ఆల్బం అటకెక్కించి దాని మీద ట్రంకుపెట్టె పెట్టేవాళ్లు ఎంతమంది! ఈవిడ ఆ ఆల్బం తెరుచుకుని కూర్చుని, అందులోంచి ఒక కళాఖండం తీసింది.

ఈ కథ నా స్నేహితురాళ్లు ఇద్దరికి చెప్పాను. ఒకావిడ కళ్లు తుడుచుకుని, "ఎంత ప్రేమ! వదిలేసి పోయినా ఆయన పని ఆగిపోకూడదని చేసిందన్న మాట. మన పురాణాల్లో పతివ్రతలకు ఏం తీసిపోతుంది?" అంది. రెండో ఆవిడకు కోపం వచ్చింది. "ప్రేమా, గాడిదగుడ్డా! ఆయనగారు దేశం దాటిపోయి ఇంకో పెళ్లి చేసుకుంటే, ఈవిడ కూర్చుని ఆయన కీర్తికి మెరుగులు దిద్దిందా? ఆ డబ్బాలు తీసుకెళ్లి అదే నదిలో పారేస్తే సరిపోయేది" అంది.

ఇద్దరూ చదువుకున్నవాళ్లే. ఇద్దరి వాదనా ఎక్కడో తగులుతుంది. ఐతే ఒక చిత్రం గమనించారా? పొగిడినావిడా తిట్టినావిడా చూస్తున్నది ఒక్క మనిషినే. జాఁ రెన్వార్‌ని. ఆయన కోసం చేసిందని ఒకరి సంబరం, ఆయన కోసం చేసిందే అని ఒకరి మంట. మార్గరీత్‌ని ఇద్దరూ చూడలేదు. ఆమె చేతిలో కత్తెర వుందనీ, ఆ కత్తెర పట్టడం ఆమెకు పదిహేనేళ్లుగా వచ్చిన విద్య అనీ, దానికి ఆమెకు కూలి వస్తుందనీ ఇద్దరికీ తట్టలేదు.

మార్గరీత్ మనసులో ఏముందో ఊహించి నవల రాయమంటే నాకు వారం పట్టదు. ఒక వాన సాయంత్రం పెడతాను, ఒక పాత ఉత్తరం పెడతాను, చివర్లో ఆమె చేత దీపం ఆర్పిస్తాను. మీరు చదివి ఏడుస్తారు కూడా. కాని అది నా నవలవుతుంది, ఆవిడ బతుకు అవదు. ఆవిడ మనకు వదిలివెళ్లిన సాక్ష్యం వేరే వుంది. ఆ సినిమాయే ఆ సాక్ష్యం. దాన్ని చూసి మాట్లాడటం న్యాయం.

సినిమా ఏం చెబుతోంది? తియ్యకుండా వదిలేసిన దృశ్యాలున్నాయి కదా, ఆ ఖాళీలను వేరే ముక్కలతో కప్పిపుచ్చలేదు. అక్కడ రెండు చోట్ల అక్షరాలతో ప్రకటన వేసి కథ అందించారు. లోటు వుంది, ఇదిగో, అని చెప్పినట్టు. ఇక ఆ పాడు వాన సంగతి. షూటింగును ముంచిన వానే సినిమాను నిలబెట్టింది. ఆ సాయంత్రం ముగిశాక నది మీద చినుకులు మొదలవుతాయి. పడవలోంచి చూస్తున్నట్టు నీళ్లు వెనక్కి వెనక్కి జరిగిపోతుంటాయి, చినుకులు చిక్కబడతాయి. ఆ నీళ్లలోనే ఆ పిల్ల జీవితంలో ఏళ్లు దొర్లిపోతాయి. ఆ నీటి మీద ఎంతసేపు నిలవాలో, ఎక్కడ వదలాలో నిర్ణయించిన చెయ్యి పగ పట్టిన చెయ్యి కాదు. పూజ చేస్తున్న చెయ్యీ కాదు. పని తెలిసిన చెయ్యి.

పగ తీర్చుకోవాలంటే ఆమెకు పెద్ద కష్టం కూడా అక్కర్లేదు. కత్తిరింపు కొంచెం మొండిగా వుంటే చాలు. ఎవరికీ తెలియదు. సగంలో వదిలేసిన సినిమా కదా, ఇంతకన్నా ఏం వస్తుందిలే అని సరిపెట్టుకునేవారు. భక్తితో చేసినా సినిమా చెడేదే. ఆయన ముఖం వున్న ప్రతి ముక్కా వుంచెయ్యాలనిపించేది. 1994లో సినిమాతెక్ వాళ్లు ఆ మిగిలిపోయిన ఫిల్ములోంచి ఒక చిత్రం తయారు చేయించారు. ఆర్టిస్టులు తడబడటం, మళ్లీ చెప్పడం, ఒకే దృశ్యం పదేపదే తియ్యడం అందులో చూడవచ్చు. అవి చూస్తే మార్గరీత్ వుంచినదే కాక, వద్దనుకున్నది కూడా కనిపిస్తుంది. ఎడిటర్ పని ఇంత బాహాటంగా కనిపించడం అరుదు.

నాకు తెలిసిన ఒకావిడ వుంది. భార్యాభర్తలిద్దరూ ఓ చిన్న ఊళ్లో ట్యుటోరియల్ నడిపేవారు. ఆయన లెక్కలు చెప్పేవాడు, ఆవిడ ఇంగ్లీషు చెప్పేది. ఒక డిసెంబరులో ఆయన ఇంట్లోంచి వెళ్లిపోయాడు, వేరే ఊళ్లో వేరే సంసారం పెట్టాడు. ఆవిడ ఎమ్మే ఇంగ్లీషు. అయినా రాత్రిళ్లు కూర్చుని టెన్తు లెక్కలు మళ్లీ నేర్చుకుని, మార్చి దాకా ఆయన క్లాసులు కూడా తనే చెప్పింది. ఊళ్లో కొందరు "చూశారా, మొగుడి పేరు నిలబెట్టింది" అన్నారు. కొందరు "సిగ్గులేదూ?" అన్నారు. ఆవిడ దగ్గర ఎవరో ఈ మాటే ఎత్తితే, ఆవిడ చాక్‌పీసు పొడి దులుపుకుంటూ ఒకటే అంది: "పిల్లలకి మార్చిలో పరీక్షలండీ."

ఆ జవాబులో మొగుడు లేడు, గమనించారా? ప్రేమగా లేడు, కసిగానూ లేడు. లెక్కలు, పిల్లలు, మార్చి నెల. అంతే వున్నాయి. ఒక పని వున్నప్పుడు ఆ పనికి తనదైన న్యాయం ఒకటి వుంటుంది. దాన్ని మొదలుపెట్టిన మనిషి మంచివాడా చెడ్డవాడా, వున్నాడా పోయాడా అన్నదానితో ఆ న్యాయానికి సంబంధం లేదు. ఆ న్యాయాన్ని పట్టుకున్న మనిషి మనసు ఎంత నలిగినా, ఆ కాసేపైనా ఎవరికీ దాసి కాదు.

"బాగానే చెప్పావు గాని, ఇదే మాట చెప్పి ఆడవాళ్ల చేత ఊరికే చాకిరీ చేయించుకుంటారు కదమ్మా" అని మీరనవచ్చు. అనాలి కూడా. పనే దైవం, ఫలితం అడక్కు అని మనకి చెప్పినంతగా ఇంకెవరికీ చెప్పలేదు. అందుకే 'త్యాగం' అన్న మాట దగ్గర నాకు పేచీ. త్యాగం అన్నాక జీతం అడగడం బాగుండదు. పేరు అడగడం అసలే బాగుండదు. దండ వేసి, కన్నీరు పెట్టి, చేతులు కడుక్కోవచ్చు. పని అంటే అలా కుదరదు. పనికి కూలి వుంటుంది, వేళలు వుంటాయి, టైటిళ్లలో పేరు వుంటుంది. బాగా చేశావు, బాగా చెయ్యలేదు అనే తీర్పు వుంటుంది. త్యాగమని పొగిడేవాళ్లు మర్యాద చేస్తున్నామనుకుంటూనే ఇవన్నీ లాగేసుకుంటున్నారు.

కత్తెర అన్నాక దాని చెడ్డ కూడా చెప్పుకోవాలి. 1939 జులైలో 'లా రెగ్ల్ దు జూ' విడుదలైంది. డబ్బున్న ఇళ్లలో డొల్లతనం చూపించే సినిమా. జనం గోల చేశారు. భయపడి, ఇది తీసెయ్యి, అది తీసెయ్యి అంటూ ఆ సినిమాను 80 నిమిషాల చిల్లరకు కుదించారు. తర్వాత యుద్ధంలో బాంబులు పడి దాని నెగెటివ్ పోయింది. మిగిలిన ముక్కలన్నీ వెతికి ఇద్దరు ముగ్గురు అభిమానులు 1959లో 106 నిమిషాల సినిమాగా మళ్లీ నిలబెట్టారు. ఇవాళ ఇది కూడా మహా చిత్రాల్లో ఒకటి. అంటే కత్తిరింపులన్నీ ఒకటి కావు. ఎవరేమంటారో అని కత్తిరించేది ఒకటి, కథకు ఏం కావాలో చూసి కత్తిరించేది ఒకటి. మొదటి రకం కత్తిరింపులు మన బతుకుల్లో ఎన్ని జరిగాయో ఎవరికి వారికే తెలుసు. పాట మానేశాం, చదువు మానేశాం, పుట్టింటి స్నేహాలు మానేశాం. వాటిని కూర్పు అనలేం. రెండో రకంలోనే మనిషి తెలివి, ధైర్యం రెండూ వుంటాయి.

ఇక పేరు సంగతి. నా రెండో స్నేహితురాలికి ఇంకో ముల్లు మిగిలింది. "పోనీ, పని పనే అనుకుందాం. మరి ఆ ఇంటిపేరు ఎందుకు వుంచుకుంది?" అని. నిజమే, 1946 సినిమా మీదా మార్గరీత్ రెన్వార్ అనే వుంటుంది, ఆ తర్వాతి సినిమాల మీదా అదే వుంటుంది. తాళి కట్టి ఇచ్చిన పేరు కాదు, కాబట్టి విడాకుల కాగితం మీద వెనక్కి ఇవ్వాల్సిన పేరూ కాదు. పదేళ్ల పాటు ఆ పేరు మీద ఆమె పని చేసింది. నిర్మాతలు ఆ పేరుతోనే ఆమెను పిలిచారు. అప్పటికి ఆ పేరులో సగం ఆమె సంపాదించుకున్నదే అని నాకనిపిస్తుంది. మనలో పెళ్లయిన తర్వాత పేరుతో డిగ్రీ పుచ్చుకుని, ఉద్యోగం చేసి, పుస్తకాలు రాసుకున్నవాళ్లు ఎంతమంది లేరు! ఇంటిపేరు ఒకరిచ్చినదైనా దాని వెనక నిలబడ్డ పని మనది.

జాక్ బెకెర్ పేరు మళ్లీ వస్తుందన్నాను కదా. 1936లో ఆ వాననీళ్లలో రెన్వార్ వెనక తిరిగిన సహాయకుడు యుద్ధకాలంలో తనే దర్శకుడయ్యాడు. 'గూపి మేఁ రూజ్' (1943), 'కాస్క్ దోర్' (1952) లాంటి పేరున్న సినిమాలు తీశాడు. వాటి ఎడిటర్ మార్గరీత్. పని తెలిసిన మనిషి కావాలి, పిలిచాడు. ఆయన చివరి సినిమా 'ల త్రూ'. 'కన్నం' అనుకోవచ్చు, జైల్లోంచి సొరంగం తవ్వుకునే ఖైదీల కథ. 1960 ఫిబ్రవరిలో బెకెర్ చనిపోయాడు. సినిమా మార్చిలో విడుదలైంది. జనం మధ్య కూర్చుని ఆయన చూడలేకపోయిన ఆ సినిమా మీదా ఎడిటింగ్ చేసినవాళ్లలో ఆమె పేరుంది.

ఈ రెండో సంగతి చెప్పినప్పుడు నా స్నేహితురాళ్లెవరూ ఏడవలేదు, తిట్టలేదు. "ఓహో, మంచి ఎడిటరన్న మాట" అన్నారు. చూశారా! ఒకే మనిషి, ఒకే కత్తెర, అదే ఓపిక. ప్రియుడి సినిమా పూర్తి చేస్తే పతివ్రత, లేకపోతే పిచ్చిది. స్నేహితుడి సినిమా పూర్తి చేస్తే మంచి ఎడిటర్. మొదటిసారి కూడా ఆమె మంచి ఎడిటరే కదండీ!

1987లో చనిపోయేనాటికి ఆమె కూర్చిన సినిమాలు 60కి పైగా వున్నాయి. అందులో రెన్వార్‌వి కొన్ని మాత్రమే. ఆ లెక్క చూసినా తెలుస్తుంది, ఆ బతుకు ఒక మగవాడి చుట్టూ తిరిగిన బతుకు కాదని.

అందుకని మీకో చిన్న మనవి. ఈసారి ఎవరైనా మీకు ఓ స్త్రీ చేసిన పని గురించి చెబితే, అది మంచాన పడ్డ మామగారికి చేసిన సేవ కావచ్చు, దివాలా తీసిన అన్నగారి కొట్టు నిలబెట్టడం కావచ్చు, "ఎవరి కోసం?" అన్న ప్రశ్న కాసేపు ఆపండి. ముందు "ఎలా చేసింది?" అని అడగండి. పొద్దున్న ఎన్నింటికి లేచింది, ఏం నేర్చుకుంది, ఎక్కడ తప్పు పోయి దిద్దుకుంది, ఎవరు ఎంతిచ్చారు అని అడగండి. చెప్పేవాళ్లు మొదట తెల్లబోతారు. తర్వాత కుర్చీ దగ్గరికి లాక్కుని, వివరంగా చెప్పడం మొదలుపెడతారు.